వెల్లకిలా తేలిన గుమ్మడి

కంటికి కట్టు విప్పగానే ఆ పెద్దమనిషి అన్న మొదటి మాట, "చేప చచ్చిపోయినట్టుంది డాక్టరు గారూ" అని.

ఆ కంటి ఆసుపత్రిలో అదొక తంతు. శుక్లం తీసిన కంటికి మర్నాడు పొద్దున కట్టు విప్పేది లోపలి గదిలో కాదు, ముందు హాల్లో, గోడ పొడుగునా ఉన్న గాజు తొట్టి ఎదురుగా. పెద్ద డాక్టరు గారు స్వయంగా దూది తీసి, "ఏం కనపడుతోందో చెప్పండి" అంటారు. "ఎర్రగా ఏదో కదులుతోందండీ... చేపండీ, చేప!" అని వాళ్లు అరుస్తుంటే ఆయన మొహం చూడాలి, తానే ఆ చేపను కన్నంత సంబరం. అక్షరాల అట్ట చదివించడం, చుక్కల మందు రాసివ్వడం, అన్నీ ఆ తర్వాతే.

అలాంటిది ఆ రోజు ఆ చేప తెల్లటి పొట్ట పైకి పెట్టి, సగం ఒళ్లు నీళ్ల బయటికి తేలి, వెల్లకిలా పడి ఉంది. వరుసలో ఇంకా పదకొండు మంది కట్లతో కూర్చుని ఉన్నారు. వాళ్లకు కనపడకపోయినా చెవులున్నాయి కదా! ఒకావిడ లేచి, "నా కట్టు రేపు విప్పుదురు గాని బాబూ" అని గోడ పట్టుకుని వెళ్లిపోబోయింది. ఆవిణ్ణి కూర్చోబెట్టేసరికి ఇద్దరు నర్సులకు చెమటలు పట్టాయి.

పెద్ద డాక్టరు గారికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆయన అల్లుడికి మాత్రం అలాంటి ఇబ్బందులు లేవు. ఆసుపత్రి వ్యవహారాలన్నీ చూసేది ఆ అల్లుడుగారే. ఆయన గదిలోంచి విసురుగా వచ్చి, తొట్టి చూసి, "ఆ చేపలావిడను పిలవండి" అన్నాడు.

చేపలావిడ అప్పటికే తొట్టి వెనక నిలబడి ఉంది. ఆమెకు పేరు లేదా అంటే ఉంది, కానీ ఆ ఆసుపత్రిలో ఎవరూ వాడరు. యాభై రెండేళ్ల మనిషి, సన్నగా, పొడుగ్గా, నీలం ఏప్రనుతో ఉంటుంది. చిన్నప్పటి నుంచి ఒక పెంపుడు చేపల దుకాణంలో వెనక గది ఆమె రాజ్యం. జబ్బు చేసిన చేపల టబ్బులు వరుసగా పెట్టుకుని వాటి మధ్యే పెరిగి పెద్దదైంది. పెళ్లి ఊసు ఎవరూ గట్టిగా ఎత్తలేదు, ఆమె కూడా గుర్తుచేయలేదు. దుకాణం మూతపడ్డాక ఈ తొట్టి పని దొరికింది. తొమ్మిదేళ్లయింది. ఈ తొమ్మిదేళ్లూ ఆ తొట్టికి రాణి ఒకే ఒక్క బంగారు చేప. గుండ్రటి పొట్టతో, పొట్టి తోకతో ఉంటుంది కాబట్టి దానికి గుమ్మడి అని పేరు. చుట్టూ చిన్నాచితకా చేపలు చాలానే ఉన్నాయి గానీ వాటిని ఎవరూ చూడరు.

"అలాంటిదే ఇంకోటి తెచ్చి పడెయ్యి, ఎవరికి తెలుస్తుంది?" అన్నాడు అల్లుడుగారు.

"చావని చేపకు బదులు తెమ్మంటారేంటి సార్? మొప్పలు ఆడుతున్నాయి చూడండి. నాకు పది రోజులివ్వండి."

"పది రోజులు. ఆ తర్వాత కూడా ఇది ఇలాగే గుడ్లు తేలేసి ఉంటే తొట్టి పీకించి టీవీ పెట్టిస్తా. చేపల బొమ్మలు అందులోనూ వస్తాయి, తిరగబడకుండా."

గుమ్మడి లేకపోతే తొట్టి లేదు. తొట్టి లేకపోతే ఆమెకు ఆ ఊళ్లో అన్నం పెట్టే చోటు ఇంకోటి లేదు. అంత మాత్రం ఆమెకు ఎవరూ వివరించక్కర్లేదు.

తలుపు దగ్గర స్టూలు మీద కూర్చున్న కాపలా మనిషి మాత్రం నవ్వాడు. "ఏం డాక్టరు గారూ, మీ పేషెంటు యోగాసనం వేసిందే" అన్నాడు. ఆ మనిషి ఆమెకు స్వయానా బావ, అక్క మొగుడు. మిల్లులో నడుం దెబ్బతిని మూడేళ్లు మంచం పట్టి లేచినవాడిని, ఇరవై సార్లు పెద్ద డాక్టరు గారి వెంటపడి ఆమే ఈ పనిలో పెట్టించింది. ఇంతమంది డాక్టర్లున్న ఆసుపత్రిలో మరదలిని డాక్టరు గారూ అని పిలవడం అతనికి రోజూ కొత్తగా దొరికే సరదా. ఏదో ఒకటి అంటూనే ఉంటాడు, ఆమె చెవిన వేసుకోదు. ఆ రోజు మాత్రం ఒళ్లు మండింది.

"నోరు మూసుకుని తలుపు చూసుకో బావా!"

చేపల సంగతి వచ్చేసరికి ఆమె మహా గట్టిది, ఆ విషయంలో ఎవరూ వేలు పెట్టడానికి లేదు. ముందు నీళ్లు పరీక్షించింది. గాజు గొట్టంలో నీళ్లు తీసి మందు చుక్క వేస్తే, చెడిన నీళ్లయితే రంగు మారాలి, మారలేదు. నీళ్లు శుభ్రం. ఆ తర్వాత కుర్చీ వేసుకుని గాజుకు ముక్కు ఆనించి గంటసేపు చూసింది. చేప ఒరిగిపోయిందంటే వెంటనే మందు పోసేవాళ్లంటే ఆమెకు చిరాకు. పైకి తేలుతోందా, అడుక్కి దిగిపోతోందా, మొదట అది చూడాలి. అడుక్కి దిగి రాళ్ల మీద పడుకుండిపోయే చేపకు లోపల చీము పట్టో, దెబ్బ తగిలో ఉంటుంది, దాని మీద ఆశ తక్కువ. పైకి తేలేదానికి పొట్టలో గాలో, తిండో ఎక్కువైనట్టు. చేప కడుపులో ఒక గాలి తిత్తి ఉంటుంది, దానివల్లే అది నీళ్లలో ఉన్నచోట నిలబడగలుగుతుంది. పేగు ఉబ్బితే ఆ తిత్తి నలిగిపోతుంది, చేప పల్టీ కొడుతుంది. గుండ్రటి చేపలకు ఈ బాధ మరీ ఎక్కువ, లోపల చోటేది?

గుమ్మడికి పొట్ట గట్టిగా ఉబ్బి ఉంది. ఒంటి మీద ఎర్ర చారలు లేవు, పొలుసులు లేచి లేవు. కళ్లు తిప్పుతోంది. మనిషిని చూడగానే కిందికి దిగాలని తోక కొట్టుకుంటోంది, దిగలేక మళ్లీ పైకి తేలుతోంది.

"తిండి. ఎవరో దీనికి అడ్డమైన తిండీ వేస్తున్నారు" అని తేల్చేసింది.

సామాన్ల గదిలో పెద్ద టబ్బు పెట్టి, జానెడు లోతే నీళ్లు పోసింది. లోతు తక్కువైతే కిందికి దిగడానికి చేప అంతగా పోరాడక్కర్లేదు. నీళ్లు కాస్త వేడెక్కేలా హీటరు పెట్టింది. పేగు కదలడానికి మందుల షాపు ఎప్సం సాల్టు కొలిచి కరిగించింది. నీళ్ల బయటికి తేలిన పొట్ట ఎండి పుండు పడుతుందని, తడిగుడ్డ పట్టుకుని పూటకు నాలుగుసార్లు తడిపింది. మూడు రోజులు పస్తు. "మూడు రోజులా, పాపం!" అంది కౌంటరు దగ్గర చీటీలు రాసే అమ్మాయి. "పాపం అనే చేతులే చేపల్ని చంపేది" అని కసిరింది చేపలావిడ.

ఆ మాట అన్నాక ఊరుకోలేదు. ఎవరి చేతులు అని ఆరా తీయడం మొదలుపెట్టింది. నర్సుల్ని అడిగింది, ఊడ్చే మనిషిని అడిగింది, కౌంటరు అమ్మాయి చేత ఒట్టు వేయించుకుంది. ఆఖరికి తొట్టి మూత ఎత్తి చూస్తే, అంచున, ఫిల్టరు గొట్టం పక్క సందులో, బన్ను రవ్వలు కనపడ్డాయి. ఆసుపత్రిలో రోజూ పదకొండింటికి టీతో బన్ను తినేది ఒక్కడే. స్టూలు మీద కూర్చుని కూర్చుని నడుం పట్టేస్తే, లేచి వచ్చి ఆ తొట్టి అంచుకు ఆనుకుని నిలబడి తింటాడు.

పదిమందీ ఉన్నప్పుడే అడిగింది. పక్కకు పిలిచి అడగొచ్చు కదా? అడగలేదు. అల్లుడుగారి చెవిన పడేలా, హాలు మధ్యలో నిలబడి అడిగింది.

"బావా, నిజం చెప్పు. గుమ్మడికి బన్ను వేశావా?"

"లేదు."

"మరి ఈ రవ్వలేంటి?"

"తింటుంటే రాలి ఉంటాయి. నా నోట్లో పళ్లెన్ని మిగిలాయో నీకు తెలియంది కాదుగా."

జనం గొల్లున నవ్వారు. ఆ నవ్వే కొంప ముంచింది. అతను తప్పు ఒప్పుకుని తల దించుకుని ఉంటే ఆమె రెండు తిట్లు తిట్టి వదిలేసేదేమో. నవ్వేసరికి తిక్క నెత్తికెక్కింది. "అది చావుబతుకుల్లో ఉంటే నీకు నవ్వులాటగా ఉందా? తొమ్మిదేళ్లుగా పెంచుకున్నాను దాన్ని. నీలాంటి మనిషిని ఈ గుమ్మంలో కూర్చోబెట్టడం నాది బుద్ధితక్కువ!"

అతను ఏదో అనబోయాడు. ఆమె మొహం చూసి మానేశాడు.

అల్లుడుగారు ఇలాంటి విషయాల్లో మహా చురుకు. అరగంటలో కాగితం టైపు చేయించాడు. కాపలా మనిషి ఆసుపత్రి చేపకు బయటి తిండి వేసి హాని చేశాడనీ, తొట్టి చూసే ఆమె కళ్లారా ఆనవాళ్లు చూసిందనీ అందులో ఉంది. కింద ఆమె సంతకానికి చోటు. ఆమె చదివింది. బావను మందలిస్తారనుకుంది, మహా అయితే వారం రోజులు ఇంట్లో కూర్చోమంటారనుకుంది. ఇలా అనుకున్నానని తర్వాత చాలామందికి చెప్పుకుంది. సంతకం పెట్టేటప్పుడు మాత్రం అడగలేదు. పెట్టేసి టబ్బు దగ్గరికి పరుగెత్తింది, పొట్ట తడిపే వేళయిందని.

సాయంత్రానికి స్టూలు ఖాళీ.

అక్క ఫోను చేసింది. అరుస్తుందనుకుంది, అరవలేదు. "నువ్వే పెట్టించావు, నువ్వే పీకించావు. నీ ఇష్టం. ఆదివారం అన్నానికి మాత్రం రాకు" అని పెట్టేసింది. ఇరవై ఏళ్లుగా ఆదివారం భోజనం అక్క ఇంట్లోనే. ఆ ఒక్క పూటా అన్నం ముందు ఎదురుగా ఇంకో మనిషి ఉంటారు. ఆ మొదటి ఆదివారం ఆమె సామాన్ల గదిలో టబ్బు ముందు కూర్చుని రొట్టె తింది. తప్పు చేసినవాళ్లకు పౌరుషం ఎక్కువ అని తనకు తాను చెప్పుకుంది.

మందు మాత్రం పనిచేసింది. నాలుగో రోజు ఉడికించిన పచ్చి బఠానీ పొట్టు తీసి, మెత్తగా నలిపి, గొట్టంతో నీళ్ల అడుగున వదిలింది. గుమ్మడి అడ్డంగా ఈదుకుంటూ వచ్చి తింది. అయిదో రోజు దాని వెనక పొడుగాటి మలం దారం వేలాడింది. అది చూసి ఆమె కళ్లనీళ్లు పెట్టుకుందంటే నవ్వకండి, చేపలు పెంచినవాళ్లు నవ్వరు. ఏడో రోజుకి పక్కకు ఒరిగి ఈదింది. తొమ్మిదో రోజు నిటారుగా నిలబడింది. పదో రోజు పొద్దున తొట్టిలో వదిలితే హాలంతా చప్పట్లు. పెద్ద డాక్టరు గారు వచ్చి, "అసలు డాక్టరు మీరేనమ్మా!" అన్నారు. ఆ మాట చాలు, ఆమె కాళ్లు భూమ్మీద ఆనలేదు.

"ఒక్కసారి ముద్దు పెట్టించండి ఆంటీ" అంది కౌంటరు అమ్మాయి.

ముద్దంటే ఆ తొట్టి దగ్గర పేరు పడ్డ వేడుక. తొట్టి మూతను రెండుసార్లు టకటకమని కొడితే చాలు, గుమ్మడి ఎక్కడున్నా దూసుకుని పైకి వస్తుంది. సగం తల నీళ్ల బయటికి పెట్టి, ఆమె వేళ్ల చివర్ల నుంచి మేత గుళికలు ఒక్కొక్కటీ చప్పరిస్తూ అందుకుంటుంది. చప్, చప్ మని హాలంతా వినపడుతుంది. కంటి కట్ల వాళ్లు కూడా ఆ చప్పుడుకు నవ్వేవారు. తొమ్మిదేళ్లుగా రోజుకు రెండుసార్లు. ప్రపంచంలో ఆమె చేతికోసం ఎదురుచూసే ప్రాణి అదొక్కటే, మరి ఆమె మాత్రం ఎలా మానుతుంది? కొలిచి, పది గుళికలే వేసింది. తిండి తగ్గించానుగా, ఇంకేం భయం అనుకుంది.

పన్నెండు రోజులు తిరిగేసరికి గుమ్మడి మళ్లీ పక్కకు ఒరిగింది.

ఈసారి బన్ను తినే మనిషి లేడు. అతని స్టూలు మీద కాపలా మనుషుల్ని పెట్టే కంపెనీ వాళ్లు పంపిన కుర్రాడెవరో కూర్చుంటున్నాడు, వాడు తొట్టి వైపు కన్నెత్తి చూడడు. ఫిల్టరు దగ్గర రవ్వ లేదు. నీళ్లు శుభ్రం. మరి ఎవరు?

దుకాణంలో ఉన్నప్పుడు ఆమె అందరికీ చెప్పే మాట, జబ్బు తెలియకపోతే ఒక రోజంతా ముట్టుకోకుండా చూడు అని. చిక్కేమిటంటే ఆమె గాజు దగ్గరికి వస్తే చేప తన పని మానేసి ఆమెకేసే ఈదుతుంది. అందుకని తలకు ఆపరేషను టోపీ, మొహానికి మాస్కు పెట్టుకుని, కాపలా కుర్రాణ్ణి ఆ పూటకు వేరే చోటికి పంపి, తలుపు పక్క స్టూలు మీద కూర్చుంది. పొద్దుటి నుంచి మధ్యాహ్నం దాకా కూర్చుంది. ఎవరూ తొట్టి జోలికి రాలేదు. గుమ్మడి కాస్త ఒరిగే ఉంది గానీ అడుగున రాళ్లు కెలుక్కుంటూ తన మానాన తను తిరిగింది. పైకి ఒక్కసారీ రాలేదు.

మేత వేళయింది. తాను లేస్తే చూసేదెవరు? కౌంటరు అమ్మాయిని పిలిచి, తన నీలం ఏప్రను కట్టించి, "మూత మీద రెండుసార్లు కొట్టి, నేను వేసినట్టే వెయ్యి" అంది.

అమ్మాయి టకటకమని కొట్టింది. గుమ్మడి దూసుకొచ్చింది. తొమ్మిదేళ్లలో ఆమె ఆ ముద్దును పక్కనుంచి చూడడం అదే మొదలు. పైనుంచి వంగి చూస్తే నోరు మాత్రమే కనపడేది. పక్కనుంచి గాజులోంచి చూస్తే అంతా కనపడుతోంది. గుళిక ఒకటి దొరకడానికి ముందు గుమ్మడి నాలుగుసార్లు నోరు తెరిచింది, నాలుగుసార్లూ గాలే మింగింది. చప్ మన్నప్పుడల్లా గాలి. ఆ గాలిలో కొంతే బుడగలుగా మొప్పల పక్క నుంచి బయటికి వచ్చింది, మిగతాది రాలేదు. పది గుళికలయ్యేసరికి దాని పొట్ట కిందిభాగం పైకి లేవడం మొదలుపెట్టింది. తోక పైకి, తల కిందికి. ఆ అమ్మాయి నవ్వుతూ, "చూశారా ఆంటీ, నా చేతిలోనూ తింది!" అంది.

బన్ను కాదు. బావ కాదు. నేను.

ఆమెకు ఆ స్టూలు మీదినుంచి లేవబుద్ధి కాలేదు. టబ్బులో గొట్టంతో అడుగున మేత పెట్టినన్నాళ్లూ బాగుండి, తొట్టిలోకి రాగానే ఎందుకు తిరగబడిందో ఇంకెవరైనా చిటికెలో చెప్పేవారు. చేపల డాక్టరుకే తెలియలేదు. అప్పుడు ఇంకొకటి తట్టింది. ఈ స్టూలు మీద ఆరేళ్లు కూర్చున్న మనిషి రోజూ ఇదే చూసి ఉంటాడు.

ఆ సాయంత్రమే అక్క ఇంటికి వెళ్లింది. అక్క తలుపు తీసి లోపలికి వెళ్లిపోయింది. బావ వసారాలో నడుం కింద దిండు పెట్టుకుని కూర్చుని ఉన్నాడు.

"బావా, అది గాలి మింగడం నువ్వు చూశావా?"

"ఆ స్టూలు మీంచి ఇంకేం కనపడుతుంది?"

"మరి చెప్పొచ్చుగా!"

"చెప్పాను. ఒకసారి కాదు, రెండుసార్లు. మరదలా, అది తిండికంటే గాలే ఎక్కువ మింగుతోంది, పైనుంచి పెట్టకు అన్నాను. నువ్వేమన్నావో గుర్తు లేదా? నీకేం తెలుసు చేపల సంగతి, తలుపు తియ్యి చాలు అన్నావు."

గుర్తుంది. ఆ మాట అన్నప్పుడు కౌంటరు అమ్మాయి నవ్వింది, అదీ గుర్తుంది.

"ఆ రోజు అందరి ముందూ అడిగినప్పుడైనా ఈ మాట అనాల్సింది!"

"అనబోయాను. నీ మొహం చూశాను. అంటే నీ పని పోయేది, అనకపోతే నాది పోయింది. అప్పటికప్పుడు లెక్క తేలలేదు, ఊరుకున్నాను. ఇప్పుడెందుకొచ్చావు?"

"రేపు పొద్దున్నే వెళ్లి జరిగింది చెప్తాను. నిన్ను మళ్లీ తీసుకోమంటాను."

అతను కాసేపు చూసి, మొహం తిప్పుకున్నాడు. లోపల గిన్నెలు చప్పుడవుతున్నాయి. మంచినీళ్లు తాగుతావా అని కూడా ఎవరూ అడగలేదు.

మర్నాడు అల్లుడుగారి గదిలో నిలబడి మొత్తం చెప్పింది. ముద్దు సంగతి, గాలి సంగతి, సంతకం సంగతి. ఆయన మధ్యలో ఆపకుండా విన్నాడు. ఆపకుండా వింటున్నాడంటే మంచిదే అనుకుంది వెర్రి మనిషి.

"అంటే ఆసుపత్రి చేపను తొమ్మిదేళ్లుగా పాడుచేసింది నువ్వు" అన్నాడు. "పైగా ఇంకొకడి మీదికి తోశావు."

"అవును సార్. అందుకే మా బావను..."

"తలుపు పని కంపెనీకిచ్చేశాం. అసలు ఎప్పట్నుంచో ఇద్దామనుకుంటున్నాం, ముసలాణ్ణి తీయడానికి కారణం దొరక్క ఆగాం. ఆ రోజు నువ్వు పుణ్యం కట్టుకున్నావు." నవ్వాడు కూడా. "ఇప్పుడింక ఆ కాగితంలో పేరు మారిస్తే సరిపోతుంది. చేప మేత కౌంటరు అమ్మాయి చూసుకుంటుందిలే, గొట్టంతో అడుగున పెట్టడమేగా?"

పెద్ద డాక్టరు గారి దగ్గరికి పరుగెత్తింది. ఆయన ఎవరి కంట్లోనో లైటు వేసి చూస్తున్నారు. తల ఎత్తకుండానే, "అయ్యో, అలాగా అమ్మా... ఆ వ్యవహారాలన్నీ అల్లుడివి" అన్నారు. ఇరవై సార్లు వెంటపడ్డ మనిషికి ఇరవై ఒకటోసారి కాళ్లు ఆడలేదు. ఏప్రను విప్పి కౌంటరు మీద పెట్టింది. పస్తు వారానికొక రోజు అనీ, గుళికలు ముందుగా నానబెట్టి ముంచి వేయమనీ, ఎవరడిగినా మూత కొట్టొద్దనీ ఆ అమ్మాయికి చెప్పింది. తొట్టి వైపు చూడకుండా బయటికి వచ్చింది. చూస్తే అది పైకి వస్తుందని.

అక్కడినుంచి తిన్నగా అక్క ఇంటికే. ఆమెకు ఒకటే ఆశ. తనూ వీధిన పడింది కాబట్టి, ఇప్పుడైనా ఇద్దరూ సమానం కాబట్టి, తిట్టో కొట్టో లోపలికి రానిస్తారని. గుమ్మంలోనే నిలబడి, "చెప్పేశాను. నన్నూ తీసేశారు" అంది. ఆ గొంతులో కాస్త గర్వం కూడా ఉంది, దాచుకోలేకపోయింది.

అక్క చేతిలోని గుడ్డ కింద పడేసింది. "సంతోషమా? ఇప్పుడు రెండిళ్లలోనూ పొయ్యి ఆరింది, సంతోషమా? మేం ఎలాగూ మునిగాం. నువ్వైనా నిలబడి ఉన్నావు, రేపు ఈయన మళ్లీ మంచం పడితే పరుగెత్తుకొచ్చే మనిషి ఒకత్తుంది అనుకున్నాను. తిట్టుకుంటూనే అనుకున్నాను! ఆ దిక్కు కూడా లేకుండా చేసుకొచ్చి, నా గుమ్మంలో నిలబడి గొప్పగా చెప్తున్నావా?"

"నిజం చెప్పానక్కా!"

"ఎవడడిగాడే నీ నిజం?"

బావ లోపలినుంచి గోడ పట్టుకుని వచ్చాడు. అక్కను ఆపుతాడేమోనని చేపలావిడ అతనికేసి చూసింది. ఒక్క వెటకారం, ఒక్క డాక్టరు గారూ చాలు, ఆమె అక్కడే కూలబడి ఏడ్చేది.

"ఆ రోజు పదిమందిలో నన్ను దొంగను చేశావు" అన్నాడతను. "ఈ రోజు మూసిన గదిలో, ఒక్కడి ముందు చెప్పి వచ్చావు. ఆ హాల్లో వాళ్లకి నేనింకా బన్ను దొంగనే. నీ మనసు తేలికపడింది, అంతే. ఇంకేం మారలేదు. వెళ్లమ్మా, వెళ్లిరా."

కోపంగా కూడా అనలేదు. పరాయివాళ్లకు దారి చెప్పినట్టు చెప్పాడు. ఆమె మెట్లు దిగుతుంటే వెనక తలుపు గడియ పడింది.

ఆ తర్వాత ఆమె ఎక్కడెక్కడో పని వెతుక్కుంది. ఒక హోటల్లో గిన్నెలు కడిగే చోట కుదిరింది. నీళ్లు అలవాటేగా అని అక్కడి మేస్త్రితో తనే హాస్యమాడింది, అతనికి అర్థం కాలేదు.

నెల దాటాక ఒక మధ్యాహ్నం కౌంటరు అమ్మాయి ఫోను చేసింది. "ఆంటీ, మీరు చెప్పినట్టే చేస్తున్నాను. గుమ్మడి భలే ఉంది! మీరు వెళ్లినప్పటినుంచీ ఒక్కసారంటే ఒక్కసారి ఒరగలేదు. పైకే రాదు. మీరు చూస్తే ఎంత సంతోషిస్తారో!"

"మంచిదమ్మా" అంది చేపలావిడ. "పస్తు మానకు."

ఫోను పెట్టేసి సబ్బు చేతులతో అక్కడే నిలబడిపోయింది. తొమ్మిదేళ్లలో ఆ చేప అంత ఆరోగ్యంగా ఎప్పుడూ లేదు. సంతోషించాలి. ఎంత ప్రయత్నించినా రాలేదు. ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి అది మళ్లీ తిరగబడితే బాగుండు, వాళ్లకు చేతకాక తనకు కబురు పంపితే బాగుండు అనుకుంది. అలా అనుకున్నందుకు తన మీద తనకే అసహ్యం వేసింది. అయినా అనుకోవడం మానలేదు.